వాయవ్యానికి గురిపెట్టిన యాంటెనా

దీవిలోని మిన్నీ బే జాలరిపేటలో పోలిరాజు ఆ ఉదయం చేపలవేటకు వెళ్లలేదు. సాయంత్రం ఆరింటికి టీవీలో వస్తాడు. మూడు రోజుల కిందట జెట్టీ మీద మీటింగులో ఇళ్ల పట్టాల కోసం అతను గొంతు చించుకుంటే, పెద్ద ఆఫీసరు కెమెరా ముందు ఏదో మాట ఇచ్చాడు. గోలలో ఆ మాట ఎవరికీ వినబడలేదు. ఈసారి పేట పేటంతా సాక్షులుగా కూర్చుని వినాలి. విన్నాక ఆఫీసరు ఎలా తప్పించుకుంటాడో చూడాలి. అదీ ప్లాను.

అందుకే బదిలీ అయి పోతున్న గుమాస్తా దగ్గర పాత నల్లతెల్ల టీవీ కొన్నాడు. చవక రకం. దాన్ని ఎలా వాడాలో చెప్పే పుస్తకం మాత్రం దాంతో రాలేదు. చదువుకున్నవాడు వస్తువు అమ్ముతాడు గాని దాని గుట్టు అమ్మడు.

"పుస్తకం కావాలనే ఓడెక్కించీసినాడే," అన్నాడు భార్య సీతాలుతో.

"ఉంటే నువ్వు సదివీస్తావేటి?"

"నాను సదవను. ఆడు దాసినాడా లేదా, అది సెప్పు."

స్విచ్ వేస్తే తెల్లచుక్కలు, చేపలు వేగుతున్న చప్పుడు. నాలుగు మీటలూ తిప్పాడు. ఒకటి ఊడి చేతికొచ్చింది. ఇక మిగిలింది యాంటెనా. దాన్ని ఎటు తిప్పాలో పోలిరాజుకు అనుమానం లేదు. లోకంలో అతనికి అనుమానం లేని సంగతి అదొక్కటే. చింతపండు, ఉత్తరాలు, పెళ్లికూతుళ్లు, అన్నీ వైజాగ్ ఓడ మీద వస్తాయి. బొమ్మ మాత్రం ఇంకెక్కణ్ణుంచి వస్తుంది? పడవలోని దిక్సూచి తెచ్చాడు. ఇంటికప్పు మీద వెదురుకు కట్టిన యాంటెనాను సరిగ్గా వాయవ్యానికి గురిపెట్టాడు.

పక్కింటి భూషణం మేస్టారు కిటికీలోంచి చూశాడు. "పోలిరాజూ, గుట్ట మీద ఎర్ర లైటు టీవీ టవరు కనబడటం లేదూ? అటు తిప్పు భయ్యా."

"అది నేవీవోలది మేస్టారూ. మన మీద నిఘాకి ఎట్టినారు. నాకు మాలూమ్."

పేటలో అంతవరకూ టీవీ ఉన్నది మేస్టారికే. రెండోది రాకూడదనే తప్పుదారి పట్టిస్తున్నాడని పోలిరాజు తేల్చేశాడు.

సాయంత్రమైనా చుక్కలు పోలేదు. మేస్టారి కొబ్బరిచెట్టు వైజాగ్‌కు అడ్డొస్తోందని నాలుగు మట్టలు కొట్టేశాడు. ఒకటి మేస్టారి కోళ్లగూటి మీద పడింది. కోళ్లు రోడ్డెక్కాయి. వాటిని పట్టడానికి పరిగెత్తుకొచ్చిన పేట జనం, ఆరవుతోంది కదా అని మేస్టారి టీవీ ముందే చతికిలబడ్డారు. సీతాలూ అటే నడిచింది.

"నువ్వు కూడానేటే?" అన్నాడు కప్పు మీంచి.

"నిన్ను సూడ్డానికే ఎల్తన్నాను మావా. మనింట్లో నువ్వు అగుపించవు."

ఇంట్లో చుక్కల ముందు పోలిరాజు ముసలి తల్లి ఎరుకమ్మ ఒక్కతే మిగిలింది.

అప్పుడు తట్టింది అతనికి అసలు మోసం. తనకు రావలసిన బొమ్మను మేస్టారి యాంటెనా దారిలోనే లాగేసుకుంటోంది. ఒక్క దూకులో మేస్టారి రేకుల మీదున్నాడు. దూకేటప్పుడు కాలు తగిలి తన వెదురు గిర్రున గుట్ట వైపు తిరిగింది. అతను చూసుకోలేదు. మేస్టారి యాంటెనాను పట్టుకుని నేలకు వంచేశాడు.

కింద సరిగ్గా అప్పుడే తెర మీద పోలిరాజు చెయ్యెత్తి నోరు తెరిచాడు. అంతే, చుక్కలు.

జనమంతా వాకిట్లోకి వచ్చి పైకి చూశారు.

"నీ నోరు నువ్వే నొక్కుకున్నావు కదయ్యా," అన్నాడు మేస్టారు.

"నా బొమ్మ దొంగిలించిందెవరు మేస్టారూ?"

ఈ తగువు పావుగంట నడిచింది. తర్వాత పోలిరాజు దిగి ఇంటికొస్తే టీవీ కట్టేసి ఉంది.

"బొమ్మొచ్చిందిరా పోలీ," అంది ఎరుకమ్మ. "ఎవుడో అచ్చం నీలాటోడే, ఒకటే అరుపు. ఆ తరవాత ఆఫీసరు సేనాసేపు సెప్పినాడు. మల్లీ ఆ అరుపులోడే వచ్చినాడు. తల నొప్పెట్టి బంద్ సేసీసినాను."

పోలిరాజు ఆమె కాళ్ల దగ్గర కూర్చున్నాడు. వెనక గుమ్మం నిండా జనం. "ఆఫీసరేటి సెప్పినాడే అమ్మా?"

"మా బాగా సెప్పినాడురా," అంది ఎరుకమ్మ.

ఆ విధంగా పట్టాల మాటకు పేట మొత్తానికి ఒక్క సాక్షి మిగిలింది. ఆఫీసరు మాట్లాడింది హిందీలో, ఎరుకమ్మకు ఆ భాషలో ఒక్క ముక్క రాదు.