తలుపున్న గది

మేనేజరు ఆ పొద్దున షూ లేసులు కట్టుకుంటూ, తన గది పోకుండా ఆఫీసులో బల్లలన్నీ మార్చేస్తున్నానని భార్యతో చెప్పాడు.

"మనింట్లో బీరువా జరిపినప్పుడు వారం రోజులు వంటింట్లో పడుకున్నామండీ, గుర్తుందా?" అందామె.

అతను వినిపించుకోలేదు. పిల్లల పుస్తకాలు వేసే ఆఫీసు అతనిది. రచయిత, బొమ్మలు వేసే ఆవిడ, అచ్చుతప్పులు దిద్దే పెద్దాయన ఒకరితో ఒకరు మాట్లాడుకోరు. దాంతో ఒంటె పాఠంలో కప్ప బొమ్మ అచ్చయింది. "రేపు మధ్యాహ్నం వచ్చి చూస్తాను. అప్పటికీ కలిసి పనిచేయకపోతే మీ గది తీసేసి మిమ్మల్నీ వాళ్ల మధ్యే కూర్చోబెడతాను" అని డైరెక్టరు మేడం నిన్న చెప్పేసింది. ఏళ్ల తరబడి ఎదురుచూస్తే దక్కిన గది. పైగా తలుపుంది.

రచయిత అస్తమానం బొమ్మలావిడ బల్ల దగ్గరికి వెళ్లడం అతను కనిపెట్టాడు. అందుకని ఇద్దరి బల్లలూ గోడవారగా పక్కపక్కన వేయించాడు. కాసేపటికే రచయిత లేచి కిటికీ దగ్గర నిలబడ్డాడు.

"ఆవిడ ఇక్కడుంటే అక్కడికెందుకయ్యా?"

"నేనెప్పుడూ కిటికీ కోసమే వెళ్లేవాణ్ణి సార్. ఆవిడ దారిలో ఉండేవారు, అంతే."

బొమ్మలావిడ ముఖం మాడ్చుకుంది. "వెలుతురు లేకుండా రంగులెలా వేయను?" అని తన బల్ల తనే కిటికీ వైపు లాక్కుపోయింది. ఆ తోపులాటలో పెద్దాయన బల్ల ఎండలో పడింది. ఆయన్ను నీడకు మార్చాలంటే మూలనున్న పుస్తకాల బీరువా కదపాలి. బీరువా పట్టే చోటు మేనేజరు గదిలో తప్ప ఎక్కడా లేదు.

"కాసేపే కదా" అనుకుంటూ అతను తన బల్ల నడవాలోకి తోయించాడు. కొండనాలుకకు మందేస్తే ఉన్న నాలుక ఊడినట్టు, బీరువా గుమ్మంలో సగం లోపలికి వెళ్లి ఇరుక్కుపోయింది. తలుపు మూసుకోదు, మనిషి దూరడు.

మిగతా బల్లలన్నీ అడ్డదిడ్డంగా పడి ఉండటంతో, ఇక ఖాళీగా మిగిలింది నడవాలోని బల్లే. ముగ్గురూ కాగితాలతో దాని చుట్టూ చేరి తగువులాడుకున్నారు.

"కప్పనెవరు వేయమన్నారు?"

"నీళ్లు దాచుకునే జంతువని రాశారు. ఒంటె అని ఎక్కడుంది?"

"రెండుచోట్ల రాశాను."

"ఒకే మాట రెండుసార్లు వస్తే కొట్టేస్తాను" అన్నాడు పెద్దాయన.

"రెండూనా?"

పెద్దాయన కళ్లజోడు తుడుచుకున్నాడు. "ఇకమీదట అడిగి కొడతాను" అన్నాడు.

వెనక ఎప్పుడొచ్చి నిలబడిందో, మేడం అంతా విన్నది. "బాగుంది. ఈ ఏర్పాటు ఎవరూ కదపకండి" అని వెళ్లిపోయింది.

సాయంత్రం భార్య ఫోన్ చేసింది. "గది దక్కిందా?"

"దక్కింది. బీరువాకి."