అత్తగారి మొక్క, అల్లుడి కవరు

ఆ ఉదయం రికార్డు గుమాస్తా అనుకున్నది ఒక్కటే: ఆఫీసుకు బయల్దేరేలోపు అత్తగారి మొక్కకు గ్లాసెడు నీళ్లు పోయాలి. మామగారు పోయేముందు తన చేత్తో నాటిన మొక్క అది. ఎముకలు కొరికే చలినీ మండుటెండనీ మందపాటి ఆకుల్లో దాచుకున్న నీళ్లతోనే పద్దెనిమిదేళ్లుగా నెగ్గుకొచ్చింది. చెల్లెలి ఇంటికి నెల్లాళ్లు వెళుతూ అత్తగారు ఆ కుండీని తన ఇంటి నుంచి తెచ్చి ఇతని చేతుల్లో పెట్టింది. అల్లుణ్ణి నమ్మి ఆవిడ ఏదైనా అప్పగించడం అదే మొదలు.

ఆకులు వాడినట్టు అనిపించి ఇంకో గ్లాసు పోశాడు. అదే జాలితో భార్యా కూతురూ అంతకుముందే చెరో చెంబు పోశారని అతనికి తెలియదు. మూడోనాటికి కింది ఆకులు మెత్తబడ్డాయి. ఆరబెడదామని టేబుల్ ఫ్యాను పెడితే గట్టివి నాలుగు రాలాయి. వాటిని ఆఫీసు జిగురుతో అంటించాడు. జిగురుకు చీమలు పట్టాయి. చీమల్ని దులపబోతే మిగతా ఆకులన్నీ జలజలా రాలాయి. రెండ్రోజులకు కాడ కూడా కుళ్లిపోయింది.

"పారేసి అలాంటిదే ఇంకోటి తెండి. అమ్మకేం తెలుస్తుంది?" అంది భార్య.

"మీ అమ్మకా?" అన్నాడతను.

పైగా పారేయడం అతనికి చేతకాదు. సర్వీసులో ఒక్క చిత్తుకాగితమైనా పారేసి ఎరగడు. గట్టి ఆకులన్నీ ఏరి కవర్లో వేసి, తేదీ వేసి, సంతకం పెట్టి బీరువాలో భద్రపరిచాడు.

నెల తిరగ్గానే కుండీ కోసం అత్తగారు వచ్చి చెప్పులు విప్పుతుండగానే కవరు అందించి తల దించుకున్నాడు. "తప్పు నాదే అత్తయ్యగారూ. మిగిలింది ఇదే."

ఆవిడ కవరు చింపి బల్ల మీద గుమ్మరించింది. ముడతలు పడ్డ ప్రతి ఆకు మొదట్లోనూ దారాల్లాంటి గులాబీ రంగు వేళ్లు, వాటి మధ్య ఆవగింజంత పచ్చని మొక్క. మట్టి లేదు, వెలుతురు లేదు, చుక్క నీరు లేదు. ఆకు తన ఒంట్లోని తడినే పోసి బిడ్డను పెంచుకుంది. గుమాస్తా వంగి ఒక్కొక్కటే చూశాడు.

అత్తగారు ఒకదాన్ని వేలికొసతో తాకి, కొంగుతో కళ్లు ఒత్తుకుంది. "ఇదొక్కటీ పోతే ఆయన మళ్లీ పోయినట్టేనని ఇన్నేళ్లూ హడలి చచ్చానయ్యా. ఇంకోటి మొలిపిద్దామన్నా ఒక్క ఆకు తుంచడానికి చెయ్యి రాలేదు."

ఇంత జాగ్రత్త గల అల్లుడు దొరకడం తన అదృష్టమనీ, ఇవన్నీ కుండీల్లో నిలదొక్కుకునేదాకా ఇక్కడే ఉంటాననీ చెప్పింది.

ఆ జాతి నిలదొక్కుకోవడానికి రెండేళ్లు పడుతుంది.