వకుళ వేసిన దాగుడుమూతలు

ప్రదర్శన మొదలైన రోజే వకుళ వేసిన ‘దాగుడుమూతలు’ చిత్రంలోని పిల్లలు నలుగురూ గోడ దిగి దాక్కోవడానికి వెళ్ళిపోయారు. కాకినాడ చిత్రశాల వారు ఖాళీ కాన్వాసు పక్కన ‘బొమ్మలు ఆటలో ఉన్నాయి’ అని బోర్డు పెట్టి, టిక్కెట్లు మామూలుగానే అమ్ముకున్నారు.

వకుళ కూడా కంగారుపడలేదు. ఆటను గీస్తే అది ఆటగానే ఉంటుందా, బొమ్మగా మిగిలిపోతుందా అన్నదే ఆమె ఏళ్ళ తరబడి తేల్చుకోవాలనుకున్న సంగతి. ఆ పిల్లలు ఆమె చిన్ననాటి వీధివాళ్ళే. అందరిలోకీ పెద్దది భానక్క, వకుళ సొంత అక్క. పన్నెండో ఏట జ్వరంతో పోయింది. బొమ్మలో ఆమె గౌను కుచ్చిళ్ళు సరిగ్గా కుదిరేసరికి వకుళకు ఒక ఎండాకాలం పట్టింది.

చిక్కు ప్రభుత్వ శాఖల దగ్గర వచ్చింది. మనుషులు లేని గుడ్డను బొమ్మ అనలేమని సాంస్కృతిక శాఖ రాసింది. దొంగ లేనిదే దాగుడుమూతలు కావని క్రీడా శాఖ రాసింది. బొమ్మా కాక, ఆటా కాకపోతే కాన్వాసుకు తెల్లరంగు పూసేస్తారు. పిల్లలకు తిరిగి రావడానికి చోటుండదు. తానే దొంగనవుతానని వకుళ అర్జీ పెట్టుకుంది.

క్రీడాధికారి రంగనాయకులు గారు చిత్రశాలకు వచ్చి, ఆటగాళ్ళకు అభ్యంతరాలుంటే దాక్కున్న చోటి నుంచే చెప్పవచ్చన్నారు. బీరువా వెనకనుంచి ఒక గొంతు పలికింది.

“వకుళా దొంగ? అది ఆటలో అరటిపండండీ. లేపోతే ఏడుత్తాదని ఊరికే తిప్పుకుంటాం.”

మెట్ల కింద ఎవరో కిసుక్కున నవ్వారు.

ఆయన నిబంధనలు చూశారు. అరటిపండు పరుగెత్తవచ్చు, దాక్కోవచ్చు, ఎవరినైనా పట్టుకోవచ్చు. ఏదీ లెక్కలోకి రాదు. తనకిప్పుడు నలభై దాటాయని వకుళ మనవి చేసుకుంది.

“దానికి వయసుతో పనిలేదమ్మా,” అన్నారాయన మర్యాదగా. “మా ఆఫీసులో నన్నూ రిటైరయ్యేదాకా ఇలాగే ఆడనిస్తారు. ఔటవ్వం కదండీ, అదే లాభం.”

అరటిపండు ఉందంటే ఆట నడుస్తున్నట్టేనని తేల్చి, కాన్వాసును ముట్టుకోవద్దని ఆయన ఉత్తర్వు రాశారు. దొంగను ఎప్పుడు నియమించేదీ తర్వాత తెలియజేస్తారట.

వకుళ అప్పుడే ఇంటికి వెళ్ళిపోవచ్చు. వెళ్ళలేదు. గదులన్నీ వెతికి, ఒకదానిపై ఒకటి పేర్చిన కుర్చీల వెనక భానక్కను పట్టుకుంది. భుజం మీద చెయ్యి వేసి, దొరికావంది. చేతికి పచ్చిరంగు అంటింది.

“అలాగేలేవే,” అని భానక్క ఆమె బుగ్గ గిల్లి, కాస్త పక్కకు జరిగింది. “రా, ఇక్కడ కూర్చో. ఇంకెవరైనా అయితే నా చోటు బయటపడిపోద్ది. నిన్నెవరు వెతుకుతారు?”

వకుళ చీర కుచ్చిళ్ళు దగ్గరికి తీసుకుని, మోకాళ్ళు ముడుచుకుని కూర్చుంది. అక్క భుజానికి తల ఆనించాలంటే ఇప్పుడు బాగా వంగాల్సి వచ్చింది. వంగింది.

మూసే వేళకు వాచ్‌మన్ వచ్చినవాళ్ళనూ వెళ్ళినవాళ్ళనూ సరిచూసుకుని తలుపులకు తాళం వేశాడు. లెక్క సరిపోయింది.