పది నుంచి ఒంటిగంట దాకా నిశ్శబ్దం

ఆ సోమవారం పదిన్నరకు ఒక బ్యాంకు మేనేజరు జ్ఞానదంతం పీకాలని, అదీ ప్రశాంతంగా పీకాలని పళ్ళ డాక్టరుగారు పొద్దున్నే నిర్ణయించుకున్నారు. ప్రశాంతత ఆయనకు కోర్టు ప్రసాదించింది. గోడకవతల పాఠాలు చెప్పే డ్రమ్ముల మాస్టారు పది నుంచి ఒంటిగంట దాకా డ్రమ్ములు వాయించరాదని, మూడేళ్ళ వ్యాజ్యం తర్వాత శుక్రవారమే ఆర్డరు వచ్చింది. ఆ మూడేళ్ళలో సగం మంది పేషెంట్లు, సగం పూడ్చిన పళ్ళతోనే, వేరే డాక్టర్లను వెతుక్కున్నారు.

మేనేజరు నోరు తెరిచాడు. డాక్టరుగారు లోపలికి వేలు పెట్టారు. గోడకవతల ట్రంపెట్ మోగింది. మేనేజరు ఉలిక్కిపడి నోరు మూసేశాడు, వేలితో సహా.

వేలికి కట్టుతో డాక్టరుగారు పక్కవాటాలోకి దూసుకెళ్ళారు. "కోర్టు ఆర్డరంటే లెక్కలేదా మీకు?"

"ఎంతమాట డాక్టరుగారూ! డ్రమ్ములు అటకెక్కించేశాను, చూడండి" అన్నాడు మాస్టారు వినయంగా. "ఇది ట్రంపెట్టు."

డాక్టరుగారి లాయరు ఆయన బావమరిదే. విని చేతులు రుద్దుకున్నాడు. "కోర్టు ధిక్కారం వేసేద్దాం బావా. దెబ్బకి లోపలికెళ్తాడు."

జడ్జిగారు ఆర్డరు అటూ ఇటూ తిప్పి చూశారు. "ఇందులో డ్రమ్ములని ఉంది. ట్రంపెట్ ఎక్కడుంది?"

"ఉద్దేశం అదేనండి" అన్నాడు బావమరిది.

"ఉద్దేశాన్ని ధిక్కరిస్తే శిక్ష లేదు. రాసినదాన్ని ధిక్కరించాలి. ఇంకేమైనా కావాలంటే వేరే పిటిషను వేసుకోండి."

వేసుకున్నారు. ఈసారి సందు దొరక్కూడదని బావమరిది రాత్రింబవళ్ళు ఆలోచించి, 'పది నుంచి ఒంటిగంట దాకా ఏ విధమైన శబ్దమూ గోడ దాటి వినిపించరాదు' అని కోరాడు. అవతలి లాయరు ఒక్క మాట మాత్రం చేర్చమన్నాడు: 'ఇరుపక్షాల నుంచీ'. బావమరిది పెద్దమనసుతో ఒప్పుకున్నాడు.

"ఆ మాట ఎందుకు పెట్టమన్నాడో అడిగావురా?" అంది డాక్టరుగారి భార్య.

"లా పాయింట్లు నీకు తెలీవులే అక్కా."

కొత్త ఆర్డరు వచ్చిన మర్నాడే, పదకొండింటికి డ్రమ్ములు అటక దిగాయి. రెండో ధిక్కారం వేశారు. మాస్టారు కోర్టులో చేతులు జోడించి, కళ్ళనీళ్ళు పెట్టుకున్నాడు. "గడియారం ఆగిపోయిందండీ. క్షమించండి." జడ్జిగారు క్షమించేశారు.

డాక్టరుగారు ఆగలేకపోయారు. "ఆయన క్షమాపణ చెబితే నా పేషెంట్లు తిరిగొస్తారాండీ?"

జడ్జిగారు కళ్ళజోడు తీశారు. "డాక్టరుగారూ, ధిక్కారం ఉన్నది కోర్టు పరువు నిలబెట్టడానికి, మీ ప్రాక్టీసు నిలబెట్టడానికి కాదు. మా పరువుకి ఆ క్షమాపణ సరిపోయింది."

మూడో ధిక్కారం మాస్టారు వేశాడు, డాక్టరుగారి మీద. సాక్ష్యంగా ఒక రికార్డింగు వినిపించాడు. పన్ను తొలిచే డ్రిల్లు గీమంది. వెంటనే "చంపేశాడ్రోయ్!" అని ఒక కేక.

"ఎవరిదా గొంతు?" అడిగారు జడ్జిగారు.

"పేషెంటుదండీ" అన్నారు డాక్టరుగారు.

"శబ్దం చేయకూడదని ఆర్డరున్నట్టు మీకు తెలుసా?"

"తెలియకపోవడమేంటండీ, అడిగిందే నేను!"

"అయితే తెలిసే చేశారన్నమాట" అని జడ్జిగారు కలం అందుకున్నారు.

"బావా, ముందు చేతులు కట్టుకోండి" అని గొణుగుతూ, బావమరిది అప్పటికప్పుడు క్షమాపణ పత్రం రాశాడు. తన జీవితంలో కోర్టుకు క్షమాపణ చెప్పాల్సి వస్తుందని డాక్టరుగారు ఎన్నడూ అనుకోలేదు. మేనేజరు కొరికిన చేత్తోనే సంతకం చేశారు.

ఆనాటి నుంచి క్లినిక్కులో డ్రిల్లు ఒంటిగంట దాటాకే తిరిగేది. మాస్టారి డ్రమ్ములు మాత్రం గడియారం ఆగిపోయినప్పుడల్లా మోగుతూనే ఉండేవి. అది తరచూ ఆగిపోయేది.

ఒక గురువారం పదీపదికి మాస్టారే క్లినిక్కుకు వచ్చాడు. బుగ్గ బూరెలా పొంగింది. "డాక్టరుగారూ, పన్ను! ప్రాణం పోతోంది!"

డాక్టరుగారు దీపం వేసి చూశారు. పుచ్చు వేరుదాకా దిగింది. చేయి అలవాటుగా డ్రిల్లు మీదికి పోయింది. గుమ్మంలోంచి భార్య దగ్గింది.

"ఒంటిగంట దాకా కుదరదండీ. ఆర్డరుంది" అన్నారాయన చేయి వెనక్కి తీసుకుని.

"నేను ఫిర్యాదు చెయ్యను! కావాలంటే రాసిస్తాను!"

"మీరు చెయ్యరండీ. కోర్టు పరువేం కావాలి?" అంటూ నొప్పి మాత్ర ఇచ్చి, కుర్చీ చూపించారు. "మూలగడం కూడా కాస్త గోడ దాటకుండా చూసుకోండి."

ఒంటిగంట కొట్టేదాకా గోడకు అటూ ఇటూ చీమ చిటుక్కుమనలేదు. కోర్టు ఆర్డరు అక్షరాలా అమలైంది ఆ ఒక్కరోజే.