గుర్రానికి గడ్డా? ఎంత అనాగరికం!

గుర్రానికి గడ్డి పెట్టేవాళ్లను చూస్తే నాకు జాలేస్తుంది. ఏ కాలంలో ఉన్నారండీ మీరు? ఇంతమంది డైట్ కన్సల్టెంట్లు ఉండగా, ఇంకా గడ్డేనా?

మా బావను చూసి నేర్చుకోండి. రిటైరయ్యాక ముచ్చటపడి ఒక ఆడగుర్రాన్ని కొన్నాడు. గోధుమరంగు, మహా నెమ్మదైనది. ఊరి చివర లాయంలో ఉంచాడు. అక్కడ ముప్పయ్యేళ్లుగా గుర్రాలను సాకుతున్న తాతను మాత్రం ఒక్క ముక్క అడగలేదు. అడగాలంటే ఆయన దగ్గర విజిటింగ్ కార్డు ఉండాలి కదా!

కార్డున్న కన్సల్టెంటు వచ్చాడు. గుర్రం వైపు ఒక్కసారి, లాప్‌టాప్ వైపు గంటసేపు చూశాడు. నాలుగు పేజీల చార్టు ఇచ్చాడు. పొద్దున్నే నానబెట్టిన ఓట్సు, ఆపైన మొలకలు, పదకొండింటికి ప్రొటీన్ పౌడరు, మధ్యాహ్నం అవిసె నూనె, సాయంత్రం మూడ్ బాగుండటానికి ఏదో సిరప్పు! మా అక్కయ్య షుగరు పేషెంటు. ఆవిడ టిఫిను తిన్నదో లేదో బావకు తెలియదు. గుర్రం ఎన్ని గ్రాముల మొలకలు తిన్నదో మాత్రం తడుముకోకుండా చెప్తాడు.

"అయ్యా, దీనికి ఎండుగడ్డి కడుపునిండా పడాలి. ఇన్నేసి గింజలు పెడితే కడుపు పట్టేస్తుంది" అన్నాడు తాత.

"నువ్వు చార్టు చదివావా?" అన్నాడు బావ.

చదవలేదు పాపం. గుర్రాన్ని చదివాడు, అంతే.

తొమ్మిదో రోజు పొద్దున గుర్రం నేలమీద పడి పొర్లింది. ఒళ్లంతా చెమటలు. మాటిమాటికీ మెడ తిప్పి తన పొట్టనే చూసుకుంది. బావ కన్సల్టెంటుకు ఫోన్ చేస్తే "మీటింగులో ఉన్నాను సార్" అన్నాడు. తాతే దాన్ని లేపి, మెడ నిమురుతూ, పశువుల డాక్టరు వచ్చేదాకా రెండు గంటలు నడిపించాడు.

డాక్టరు ముక్కులోంచి కడుపులోకి ట్యూబు వేశాడు, ఇంజెక్షన్ ఇచ్చాడు. గండం గడిచింది. అప్పుడు చార్టు తిరగేసి, "ఇందులో గడ్డేదండీ?" అన్నాడు. గుర్రానికి పెట్టాల్సిన గడ్డిని డాక్టరు ముందుగా మా బావకు పెట్టాడు.

నెల తిరిగేసరికి తాత పెట్టిన ఎండుగడ్డి, మంచినీళ్లు, నాకడానికి ఉప్పుగడ్డతో గుర్రం నిగనిగలాడింది. కన్సల్టెంటు వచ్చి దాని పక్కన నిలబడి ఫొటో దిగాడు. "మా డైటుతో కోలుకున్న గుర్రం" అని పోస్టు పెట్టాడు. మా బావే మొదటి లైకు!

లాయం యజమాని కూడా మేల్కొన్నాడు. నిపుణుల అనుమతి లేకుండా మేత మార్చినందుకు తాత చేతిలో ఒక కాగితం పెట్టి, సంతకం తీసుకున్నాడు.

ఎంత పద్ధతి! నోరులేనిది కాబట్టి గుర్రం బతికిపోయింది. నోరున్నందుకు తాతకు మెమో వచ్చింది.