ఎనిమిదో తరగతికి కాకి దూరం

కూనిక్కడవు ఎయిడెడ్ ప్రాథమికోన్నత పాఠశాలలో ఎనిమిదో తరగతి లేదనీ, ఆ తరగతికి టీచరు మాత్రం ఉన్నదనీ ఇందుమూలంగా తెలియజేయడమైనది. ఆమె పేరు రంలత్. ప్రభుత్వ ఆమోదం రేపో మాపో వస్తుందన్న ధీమాతో బడి మేనేజరు కుంజాలవి హాజీగారు ఆమెను ముందే నియమించారు. లేని తరగతికి సిరాతో సంతకం పెడితే చట్టవిరుద్ధమని హెడ్మాస్టరు దామోదరన్ మాస్టారు హాజరుపట్టీలో ఆమె చేత పెన్సిలుతో పెట్టించారు. అలా ఆరేళ్లలో పదకొండు పెన్సిళ్లు అరిగాయి.

ఏడు పాసైన పిల్లలు పడవెక్కి ఏటి అవతలి హైస్కూలుకు పోవాలి. వానాకాలంలో తల్లులు ప్రాణాలు ఉగ్గబట్టుకుని రేవులోనే నిలబడేవారు. వంతెన మీదుగా అయితే తొమ్మిది కిలోమీటర్లు. ఈ సంగతులన్నీ రాసి ఎనిమిదో తరగతి ఇప్పించమంటే విద్యాశాఖవారు ఎంతో ఓపికగా బదులిచ్చారు. రెండు హైస్కూళ్ల మధ్య మూడు కిలోమీటర్లు ఉండాలనీ, ఇక్కడ కాకి ఎగిరే దూరం ఒకటిన్నరేననీ వివరించారు. అక్షరాలా కాకిలెక్క. పిల్లలు రెక్కల్లేకుండా పుట్టడం యాజమాన్యం స్వయంకృతాపరాధం తప్ప శాఖకు సంబంధం లేదని తేలింది.

హాజీగారు కోర్టుకెక్కారు. మూడు నెలల్లో పరిశీలించమని కోర్టు ఆదేశించింది. శాఖ పరిశీలించి, కాదన్నది. పునఃపరిశీలించమన్నది కోర్టు. శాఖ ఆజ్ఞను శిరసావహించి, పునఃపరిశీలించి, పునః కాదన్నది. చివరికి దూరం కొలిచి రమ్మని సర్వేయరును పంపారు. ఆయన టేపు ఒక కొస రంలత్ చేతికిచ్చి పడవెక్కాడు.

"టీచర్, గట్టిగా పట్టుకోండి! మీ ఉద్యోగం ఆ కొసకే వేలాడుతోంది!" అని నడి ఏట్లోంచి అరిచాడు.

"పట్టుకునే ఉన్నాను సార్, ఆరేళ్లుగా!" అన్నది రంలత్.

అంతలో పడవ ఒరిగింది. సర్వేయరు టేపు వదిలేసి పడవవాడి మెడ కావలించుకున్నాడు. ప్రయాణం ప్రాణాంతకమని ఆయన రాసిన నివేదికను, అది ఆయన సొంత భయమే తప్ప శాఖ భయం కాదంటూ పైవారు తిప్పి పంపారు. మళ్లీ వాదనలు. మరో వానాకాలం గడిచాక, ఎనిమిదో తరగతి విద్యార్థులు కాకులు కారని కోర్టు చారిత్రాత్మకమైన తీర్పు చెప్పింది.

ఈ విజయంలో పోరాట సమితి అధ్యక్షుడు సైదలవి పాత్ర మరువరానిది. "ఈ బడి మన ఊపిరి! దీన్ని ఆపాలంటే నా శవం దాటి వెళ్లాలి!" అని ఆయన నాలుగు రోడ్ల కూడలిలో గర్జించి, మధ్యాహ్న భోజనం కాగానే ఆమరణ దీక్షకు కూర్చుని, చాయ్, అరటిపండు బజ్జీల వేళకు విజయవంతంగా విరమించిన సంగతి ఊరంతా ఎరుగును.

ఆమోదం వచ్చిన రోజున బాణాసంచా కాల్చారు, పాయసం పంచారు. రంలత్ మొదటిసారి సిరాతో సంతకం పెట్టి, అక్షరాలు ఆరేదాకా చూస్తూ కూర్చుంది. కాగితం అడుగున చిన్న షరతు ఉంది: జూన్ నెలాఖరుకు ముప్పై అయిదుగురు పిల్లలు చేరాలి, లేనిచో ఆమోదం రద్దు.

చేరినవారు నలుగురు.

రంలత్ గొడుగేసుకుని ఇల్లిల్లూ తిరిగింది. సైదలవి గేటు ముందు పసుపురంగు ఇంగ్లీషు మీడియం బస్సు ఆగి ఉంది. ఆయన కొడుకు టై సర్దుకుంటూ ఎక్కుతున్నాడు.

"సైదలవి అన్నా, మీవాడు ఈ ఏడు ఎనిమిదికి వచ్చాడు కదా..."

"బడంటే నాకు ప్రాణం టీచర్. ఎవడైనా దాని జోలికొస్తే మళ్లీ దీక్షకు కూర్చుంటా, మాటిస్తున్నా. పిల్లల సంగతి వేరు. వాళ్ల భవిష్యత్తు చూసుకోవద్దూ?" అన్నాడు సైదలవి. ఒక క్షణం ఆగి, "ఇంతకీ మీ పాప ఎక్కడ చదువుతోంది?" అని అడిగాడు.

బస్సు కిటికీలోంచి ఒక చిన్న చెయ్యి ఊగింది. "ఉమ్మా!" అని తల్లిని పిలిచింది పాప.

రంలత్ కూడా చెయ్యి ఊపింది. బస్సు కదిలిపోయింది.

సైదలవి నవ్వలేదు, మర్యాదస్తుడు. ఆమెను లోపలికి పిలిచి చాయ్ పెట్టించాడు. ఊళ్లో ఎవరెవరి పిల్లలను ఎనిమిదో తరగతిలో చేర్పిస్తే మన బడి నిలబడుతుందో ఇద్దరూ కూర్చుని, ఎంతో బాధ్యతగా, ముప్పై ఒక్క పేర్లూ రాశారు.