పాతుతనన్నది రాయినే

ఆ పొద్దున పరమేశ్వర్ పెట్టుకున్న పని చిన్నది. తమ్ముడు ప్రభాకర్‌తో కలిసి పొలంలో ఒక హద్దురాయి పాతడం, ఇంటికొచ్చి వేడివేడి జొన్నరొట్టె తినడం. చేవెళ్ల రోడ్డు వెంట సాఫ్ట్‌వేర్ వాళ్ల కార్లు తిరగడం మొదలయ్యాక ఆలూరులో ఎకరాల లెక్క పోయి గజాల లెక్క వచ్చింది. గట్టు మీద గడ్డి ఎవరి బర్రె మేసినా అడగని అన్నదమ్ములు ఇప్పుడు ఆ మూడడుగుల గట్టు కోసమే టేపు పట్టుకుని తిరుగుతున్నారు.

రాయి దించారో లేదో, లొల్లి మొదలైంది.

"గట్టు నడిమిట్ల వెట్టు," అన్నాడు పరమేశ్వర్.

"నడిమిట్ల ఎట్ల? గట్టు మొత్తం నాదే. నువ్వు నిలవడ్డ కాడ్నే పాతుత, ఎవడొస్తడో చూస్త!" అంటూ తమ్ముడు గడ్డపార ఎత్తాడు.

పరమేశ్వర్ వెనక్కి జరిగాడు. తడి గట్టు, కాలు జారింది. కాలువలో పడ్డాడు, మడమ బెణికింది. లేపి భుజం ఆసరా ఇచ్చి దవాఖానకు తీసుకుపోయింది ఆ తమ్ముడే.

కానీ రోడ్డు మీద షేర్ ఆటోలో పోతున్న ఊరివాడు ఎల్లేశ్ చెవిన "పాతుత" ఒక్కటే పడింది. ఊళ్లోకి చేరేసరికి అది "అన్నను సంపి పాతిపెట్టిండు" అయింది. పరమేశ్వర్ భార్య భాగీరథి రొట్టెను పెనం మీదే వదిలేసి, అదే ఆటో ఎక్కి ఠాణాకు పోయి గొల్లుమంది.

కాలికి కట్టుతో పరమేశ్వర్ అక్కడికి చేరేసరికి ఫిర్యాదు తయారుగా ఉంది.

"నేను బతికే ఉన్న గద సార్!"

"సంపిండని రాసింది కొట్టేసినం. సంపబోయిండని రాసినం. సంతకం వెట్టు," అన్నాడు హెడ్‌ కానిస్టేబుల్.

అప్పుడే నోరు తెరిచి ఉంటే గోటితో పోయేది, గొడ్డలిదాకా వచ్చేది కాదు. కానీ పాడు గట్టు గుర్తొచ్చింది. పోలీసులు రెండు మాటలంటే తమ్ముడు దాన్ని వదులుకుంటాడనిపించింది. "జర బెదిరియ్యున్రి సార్, గంతే," అని చదవకుండానే సంతకం గీకాడు.

సాయంత్రానికి ప్రభాకర్ జైల్లో ఉన్నాడు. హత్యాయత్నం కేసు. మర్నాడు పరమేశ్వర్ కుంటుకుంటూ ఠాణాకు పోయాడు.

"సార్, వాడు పాతుతనన్నది రాయిని. కేసు వాపస్ తీస్కుంట."

"అది ఇప్పుడు నీ కేసు కాదు పెద్దాయనా, సర్కారుది. మీరిద్దరు కలిస్తే సర్కారు కోపం పోతదా?"

ప్రభాకర్ బెయిల్ మీద బయటికి వచ్చాడు. ఆ తర్వాత ఏళ్లకేళ్లు కోర్టు పేషీలే. చావబోయినవాడూ చంపబోయినవాడూ ఒకే బస్సెక్కి, మొయినాబాద్ దాటేదాకా ఒకరి భుజం మీద ఒకరు కునికేవారు. భాగీరథి ఇద్దరికీ ఒకే డబ్బాలో సద్ది కట్టేది. భూమి కొంటానన్న సాఫ్ట్‌వేర్ ఆసామి కేసు సంగతి విని షాబాద్ వైపు కారు తిప్పాడు. గట్టు మీద ఎవరికీ మోజు మిగల్లేదు. తమ్ముడు మళ్లీ జైలుకు పోకుంటే చాలని పరమేశ్వర్ దిగులు.

చివరికి బోనెక్కి ఉన్నదున్నట్టు చెప్పేశాడు. "వాడు నన్ను ముట్టలే సార్. నేనే జారి పడ్డ. బెదిరిపిద్దామని సంతకం వెట్టిన."

వెనక ఎవరో కిసుక్కుమన్నారు. జడ్జిగారు నవ్వలేదు. ప్రభాకర్‌ను విడుదల చేశారు. తెలిసీ అబద్ధపు ఫిర్యాదు ఇచ్చినందుకు పరమేశ్వర్ మీద కేసు పెట్టమన్నారు.

ఇప్పుడు పరమేశ్వర్‌కు బెయిల్ కావాలి, దానికి భూమి ఉన్నవాడెవడైనా పూచీపడి జమానత్ ఉండాలి. వకీలు అడగడమే ఆలస్యం, ప్రభాకర్ ముందుకొచ్చాడు. పరమేశ్వర్ కళ్లు తుడుచుకున్నాడు.

"నా మీద కోపం లేదారా తమ్మీ?"

ప్రభాకర్ జమానత్ కాగితం పైనుంచి కిందిదాకా చదివాడు. వెనక్కి తిప్పి అటువైపూ చూశాడు.

"కోపమెందుకే అన్నా," అన్నాడు పెన్ను తీస్తూ, "నేనైతే సదివే సంతకం వెడుతున్న."